ప్రొడక్షన్ చీటీకి టీకా తాత్పర్యములు

మూలము: "రేపు ఉదయం 6 గం. షార్పు. వాన సీను. ట్యాంకరు లేదు. ఆకాశం చూసుకోండి. టిఫిను ఉంటుంది."

అవతారిక: మూలమున లేనిది వ్రాయనని ప్రతిన పూనిన కోలాచలము మల్లినాథసూరి వంశమున పుట్టకపోయినను, చిన్న బడ్జెటు చిత్రమొకదానికి మాటలు వ్రాసి, పారితోషికమునకు మారుగా ఇట్టి చీటీలనే మూటగట్టుకొన్నవాడను గనుక, వ్యాఖ్యానాధికారము నాకు కలదు.

టీక: షార్పు = వాడియైనది; అనగా వేళకు వచ్చినవారిని గ్రుచ్చి, రానివారి నంటనిది. వాన సీను = నాయకుడు గొడుగు పట్టి నాయికకై నిరీక్షించు ఘట్టము. ట్యాంకరు లేదు = చీటీ మొత్తమున నిస్సంశయమైన వాక్యమిది యొక్కటే. చూసుకోండి = ఇందలి 'కొను'నకు ఆత్మనేపదార్థము; క్రియాఫలము కర్తకే చెందును గావున, వాన రాకున్న దోషము నిర్మాతది గాదు, చీటీ చదివినవానిది. ఉంటుంది = చిన్నయసూరి తద్ధర్మార్థకమని చెప్పిన 'ఉండును'నకు వ్యవహారరూపము; దీనికి కాలనియమము లేదు; లోకమున ఇడ్లీకి అస్తిత్వము కలదని చెప్పుటయే గాని, అది మనయొద్దకు వచ్చునని గాని, వచ్చినను మధ్యాహ్నమునకు ముందే వచ్చునని గాని అర్థము చేసికొనరాదు.

తాత్పర్యము: ఆకాశమును నమ్మి సినిమా తీయుడని భావము. నవ్వుటకేమి గాని, సత్యజిత్ రాయ్ అంతవాడు 1952లో రెల్లుపూల నడుమ 'పథేర్ పాంచాలీ' షూటింగు మొదలిడి, మిగిలిన భాగమునకై వారము గడచి మరల పోవునప్పటికి, పూలనన్నిటిని పశువులు మేసియుండెను. అవి తిరిగి పూయువరకు ఏడాది ఆగవలసివచ్చెను. పశువులకు కంటిన్యుటీ తెలియదు.

విశేషము: మాకు మాత్రము వాన రానే వచ్చెను. అయితే ధారలు తెరపై కనబడవలెనన్న వెనుకనుండి బలమైన లైటు పడవలెను. మా జనరేటరో, అద్దె బాకీపడి ముందురోజే వెడలిపోయినది. ఉన్న గొడుగొక్కటి. కెమెరాకు రోజద్దె కలదు, నాయకునకు లేదు. కావున గొడుగు కెమెరాకు పట్టిరి. రీలున్నది 400 అడుగులు, అనగా నాలుగున్నర నిమిషములైన నిండని బొమ్మ. అందు మొదటి టేకు వానకు పరుగెత్తిన మేకవలనను, రెండవది నాయిక చెప్పు బురదలో దిగబడుటవలనను ఎన్.జి. అయ్యెను. మూడవది ఓకే. తెరపై వేసి చూడగా వాన జాడ యెచటను లేదు. పొడి వీధిలో నిలువెల్ల తడిసిన మనుష్యుడొక్కడు ఎవరికొరకో ఎదురుచూచుచుండెను. రీషూటునకు సొమ్ము లేదు గనుక, డబ్బింగులో, వీపు మాత్రమే కనబడు షాటు చూచి, అతనినోట "ఇప్పుడే బావిలో పడి లేచి వచ్చాను" అను మాట నేనే పెట్టితిని.