అరవై పైసల వడ్డీ: హెబ్బగోడి ఫ్లాట్ దస్తావేజు ఆత్మకథ

ఈ దస్తావేజు పుట్టింది 2021 మార్చిలో. ఊరు హెబ్బగోడి. బెంగళూరు నుంచి హోసూరు పోయే దారిలో ఎలక్ట్రానిక్ సిటీ దాటాక, బొమ్మసంద్ర పారిశ్రామికవాడకు ఆనుకుని ఉంటుంది. ఆనేకల్ తాలూకా. బయోకాన్ కంపెనీ ప్రాంగణం ఇక్కడే. పొద్దున షిఫ్టు బస్సుల దగ్గర నిలబడితే కన్నడం, తమిళం, తెలుగు మూడూ ఒకేసారి చెవిన పడతాయి. చిత్తూరు, అనంతపురం, కడప జిల్లాల నుంచి ఉద్యోగానికి వచ్చి, అద్దె ఇళ్లలో కొన్నేళ్లు గడిపి, పిల్లలు బడికి పోయే వయసు రాగానే రెండు పడకగదుల ఫ్లాటు వెతుక్కునే కుటుంబాలు ఈ చుట్టుపక్కల చాలా ఉన్నాయి. ఈ దస్తావేజులో పేర్లున్న భార్యాభర్తలు మదనపల్లె వాళ్లు.

దస్తావేజు తన గురించి 'నేను' అనుకోదు. అందులో ఉన్నది అమ్మినవాళ్ల పేర్లు, కొన్నవాళ్ల పేర్లు, నాలుగు దిక్కుల హద్దులు, ధర. అందుకే దాని ఆత్మకథ కూడా ఇతరుల కథగానే నడుస్తుంది.

ధర అరవై రెండున్నర లక్షలు. 30 లక్షల నుంచి 75 లక్షల దాకా ఉన్న గృహరుణాలకు ఇంటి విలువలో 80 శాతం మించి ఇవ్వకూడదన్నది రిజర్వు బ్యాంకు నియమం. కాబట్టి అప్పు 50 లక్షలు, చేతి డబ్బు పన్నెండున్నర లక్షలు. కథ అక్కడితో ఆగదు. స్టాంపు డ్యూటీ 5 శాతం, దాని మీద సెస్సు, సర్‌ఛార్జి, ఆపైన రిజిస్ట్రేషన్ ఫీజు అప్పట్లో 1 శాతం. అన్నీ కలిపి నాలుగు లక్షలు దాటింది. దీనికి బ్యాంకు అప్పు ఇవ్వదు, సొంత డబ్బే పెట్టాలి. 2025 ఆగస్టు 31 నుంచి కర్ణాటకలో రిజిస్ట్రేషన్ ఫీజు 2 శాతమైంది. అంటే ఇదే ఫ్లాటు ఇవాళ ఇదే ధరకు కొంటే ఇంకో అరవై రెండు వేలు ఎక్కువ. ఇల్లు ఎంత అని ఎవరైనా అడిగితే అందరూ అరవై రెండున్నర అనే చెప్తారు. చేతిలోంచి పోయిన మొదటి పెద్ద మొత్తం ఆ జవాబులో ఉండదు.

సబ్ రిజిస్ట్రార్ ఆఫీసులో వేలిముద్రలు, ఫొటోలు అయ్యాక ఈ దస్తావేజు కొన్నవాళ్ల ఇంట్లో ఒక్క రాత్రి కూడా నిద్ర చేయలేదు. నేరుగా బ్యాంకుకు పోయింది. 1882 నాటి ఆస్తి బదిలీ చట్టంలో 58వ సెక్షను ఉంది. హక్కుపత్రాలను అప్పిచ్చినవాడి దగ్గర జమ చేస్తే చాలు, అది తాకట్టే అని అందులోని 'ఎఫ్' క్లాజు చెప్తుంది. ఆ జమకు సాక్ష్యంగా ఒక మెమొరాండం రాస్తారు. అది ఈసీలో, అంటే ఎన్‌కంబ్రెన్స్ సర్టిఫికెట్‌లో, చేరుతుంది. ఆ రోజు నుంచి ఇంట్లో మనుషులు, బ్యాంకులో కాగితాలు.

సంతకాల రోజున మదనపల్లె నుంచి పెద్దాయన కూడా వచ్చాడు. కొడుకు చేతి డబ్బు కోసం ఊళ్లో కొంత పొలం అమ్మిన మనిషి. ఆయన అడిగింది ఒకటే.

"వడ్డీ ఎంత నాయనా?"

"ఏడు శాతం నాయనా, ఏడాదికి."

పెద్దాయన మనసులోనే లెక్క కట్టుకున్నాడు. ఊళ్లో నూటికి నెలకు రెండు రూపాయల వడ్డీకి తెచ్చి పంటలు పెట్టినవాడు. ఏడు శాతమంటే నూటికి నెలకు యాభై ఎనిమిది పైసలు. "అరవై పైసలు కూడా లేదు కదరా, ఇంకేం కావల్ల!" అన్నాడు. ఆ మాటలో తప్పేమీ లేదు. కానీ ఊరి అప్పు పంటతో తీరుతుంది, ఏడాదికి తీరుతుంది. రెండు రూపాయల వడ్డీ ఏడాదికి నూటికి 24 రూపాయలు. బ్యాంకు వాళ్లిచ్చిన అరవై పైసల వడ్డీ ఇరవై ఏళ్లు నడుస్తుంది. నెలకు 38,765 రూపాయల చొప్పున 240 వాయిదాలు కడితే మొత్తం 93 లక్షల చిల్లర. అందులో వడ్డీ 43 లక్షలు. పెద్దాయన లెక్కలోకి మారిస్తే నూటికి 86 రూపాయలు. రేటు అడిగినవాడు సగమే అడిగాడు. ఎన్నేళ్లు అన్నది మిగతా సగం.

మొదటి నెల కట్టిన 38,765లో 29,167 వడ్డీకి పోయింది. అసలు తగ్గింది 9,598 రూపాయలే. ఇందులో మోసం లేదు. మిగిలిన అసలు మీద ఆ నెల వడ్డీ తీసుకుని, తక్కింది అసలుకు జమ చేసే పద్ధతి ఇది. మొదట్లో అసలు పెద్దది కాబట్టి వడ్డీ పెద్దది. మొదటి ఏడాది మొత్తం చూస్తే కట్టింది నాలుగు లక్షల అరవై ఐదు వేలు, అసలులో తగ్గింది లక్షా ఇరవై వేల లోపు. పన్ను మిగులుతుంది కదా అని ఆఫీసులో ఒక స్నేహితుడు ధైర్యం చెప్పాడు. సొంతంగా ఉంటున్న ఇంటికి ఆదాయపు పన్ను చట్టం 24(బి) కింద ఏడాదికి 2 లక్షల వడ్డీ దాకా మినహాయింపు ఉండేది నిజమే. ముప్పై శాతం శ్లాబులో ఉన్నవాడికి దానివల్ల మిగిలేది సెస్సుతో కలిపి 62,400. అది కూడా పాత పద్ధతిలో ఉంటేనే. కొత్త పన్ను పద్ధతిలో, సొంతంగా ఉంటున్న ఇంటికి ఆ మినహాయింపు లేదు. మూడు లక్షల నలభై ఆరు వేల వడ్డీ కట్టి అరవై రెండు వేలు మిగిలించుకోవడాన్ని లాభమనుకుంటే లెక్క అక్కడే తప్పుతుంది.

ఆపైన వచ్చింది 2022. కోవిడ్ కాలంలో రిజర్వు బ్యాంకు రెపో రేటును, అంటే బ్యాంకులకు తానిచ్చే అప్పు మీది వడ్డీని, 4 శాతానికి దించింది. 2022 మే 4న దాన్ని 4.40కి పెంచింది. అక్కడి నుంచి వరుసగా పెంచుకుంటూ పోయి 2023 ఫిబ్రవరికి 6.50 చేసింది. 2019 అక్టోబరు నుంచి బ్యాంకులు కొత్తగా ఇచ్చే ఫ్లోటింగ్, అంటే రేటు మారుతూ ఉండే, గృహరుణాలన్నీ రెపో లాంటి బయటి కొలమానానికి ముడిపడి ఉండాలి. కాబట్టి ఏడు శాతం అప్పు తొమ్మిదిన్నర అయింది.

మదనపల్లె జంట ఖాతాలోంచి మాత్రం ప్రతి నెలా అదే 38,765 పోతోంది. ఏమీ మారలేదనుకున్నారు. మారింది గడువు. రేటు పెరిగినప్పుడు వాయిదా పెంచకుండా ఏళ్లు పెంచడం బ్యాంకుల్లో అప్పట్లో మామూలు అలవాటు. లెక్క సులువుగా ఉండటానికి రెండేళ్లు ఏడు శాతం కట్టి, ఆపైన ఒకేసారి తొమ్మిదిన్నరకు పెరిగిందనుకుందాం. రెండేళ్ల తర్వాత మిగిలిన అసలు 47 లక్షల 54 వేల దాకా ఉంటుంది. దాని మీద ఒక్క నెల వడ్డీ 37,632 రూపాయలు. అంటే కట్టే 38,765లో అసలుకు చేరేది పదకొండు వందల చిల్లర. పద్ధెనిమిదేళ్లలో తీరాల్సిన అప్పు ఆ వాయిదాతో తీరాలంటే ఇంకా 37 ఏళ్లు పడుతుంది. ఇంటాయనకు అప్పటికి 38 ఏళ్లు. డెబ్భై ఐదేళ్ల వయసులో చివరి వాయిదా!

ఈ సంగతి ఆ ఇంట్లో మొదట కనిపెట్టింది ఇల్లాలు. స్టేట్‌మెంటు తీసి, అసలు ఎంత తగ్గిందో వరుసగా నెలనెలా చూసింది. "ఏమండీ, మనం అద్దె కడుతున్నట్టే ఉంది. అప్పు కడుతున్నట్టు లేదు" అంది. శాఖకు వెళ్లి అడిగితే కాలవ్యవధి సవరించామని, మెసేజ్ పంపామని జవాబొచ్చింది. ఆ మెసేజ్ నిజంగానే ఫోన్లో ఉంది, పండగ ఆఫర్ల మెసేజ్‌ల మధ్య.

ఇది ఒక్క హెబ్బగోడి ఇంటి సమస్య కాదు. 2023 ఆగస్టు 18న రిజర్వు బ్యాంకు ఒక ఆదేశం ఇచ్చింది. వడ్డీ రేటు మారినప్పుడు దాని ప్రభావం వాయిదా మీదా, గడువు మీదా ఎంతో అప్పుదారుకు చెప్పాలి. వాయిదా పెంచుకుంటారా, గడువు పెంచుకుంటారా, రెండూ కొంచెం కొంచెమా, ముందుగా కొంత కట్టేస్తారా అని అడగాలి. స్థిర వడ్డీకి మారే వీలు కూడా చూపాలని అప్పట్లో అందులో ఉండేది. కట్టేది నెలవడ్డీకి కూడా సరిపోక అసలు పెరిగిపోయే పరిస్థితి రానివ్వకూడదని అందులో స్పష్టంగా ఉంది. ఈ దస్తావేజు దృష్టిలో ఆ సర్క్యులర్ ఈ దశాబ్దంలో గృహరుణదారులకు జరిగిన గొప్ప మేలు. కానీ అడిగే మనిషి ఉంటేనే అది పనిచేస్తుంది.

వాళ్లు అడిగారు. మిగిలిన పద్ధెనిమిదేళ్లలోనే తీరేలా వాయిదాను 46 వేలకు పెంచుకున్నారు. నెలకు ఏడు వేల పైచిలుకు భారం. ఆ ఏడాది కారు కొనే ఆలోచన ఆపుకున్నారు. 2025లో రెపో తగ్గింది. ఫిబ్రవరితో మొదలై డిసెంబరుకు 5.25కి దిగింది. అప్పుడు బ్యాంకు వాయిదా తగ్గించమంటారా అని అడిగింది. వద్దు, ఏళ్లు తగ్గించండి అన్నారు.

ఇంటాయన అక్క కుటుంబం అమెరికాలో డాలస్‌లో ఉంటుంది. వాళ్లు 2021లోనే ముప్పై ఏళ్ల అప్పు మీద ఇల్లు కొన్నారు, దాదాపు మూడు శాతం స్థిర వడ్డీకి. అక్కడ 2023 అక్టోబరులో కొత్త అప్పుల సగటు రేటు 7.79 శాతానికి చేరినా వాళ్ల వాయిదా పైసా కదల్లేదు. ఆమె ఫోన్లో చెప్పే సలహా, "ముప్పై ఏళ్లు పెట్టుకోండిరా, నిదానంగా కట్టొచ్చు" అన్నది, డాలస్‌కు సరిపోతుంది. ఫ్లోటింగ్ రేటు అప్పుకు సరిపోదు. ఇక్కడ ఎక్కువ ఏళ్లు పెట్టుకోవడమంటే, రేటు ఎటు పోతుందో తెలియని కాలాన్ని ఇంకా పొడిగించుకోవడమే.

2024 చివర్లో ఈ దస్తావేజు పక్కన అరలో కొత్త ఫైలు వచ్చి చేరింది. అదీ హెబ్బగోడి ఫ్లాటే. అప్పు 50 లక్షలే. వాయిదా 38,446, ఇంచుమించు మదనపల్లె వాళ్ల మొదటి వాయిదా అంతే. రెండు ఫైళ్లూ పైకి కవలల్లా కనిపిస్తాయి. కానీ కొత్తది ఎనిమిదిన్నర శాతం, ముప్పై ఏళ్లు. మొత్తం కట్టేది కోటీ 38 లక్షలు. వడ్డీయే 88 లక్షలు, నూటికి 177 రూపాయలు. అదే అప్పు ఇరవై ఏళ్లకు పెట్టుకుని ఉంటే వాయిదా 43,391, వడ్డీ 54 లక్షలు. నెలకు ఐదు వేలు తగ్గించుకున్నందుకు చివరికి 34 లక్షలు ఎక్కువ. 'నెలకు ఎంత' అనే ప్రశ్న ఇంటి ధరను ఎంత బాగా దాచిపెడుతుందో ఈ రెండు ఫైళ్లనూ పక్కపక్కన పెడితే తెలుస్తుంది.

ఆ కొత్త ఫైలులో పాతదాంట్లో లేని ఒక కాగితం ఉంది: కీ ఫ్యాక్ట్స్ స్టేట్‌మెంట్. 2024 అక్టోబరు 1 నుంచి మంజూరయ్యే కొత్త రిటైల్ రుణాలన్నిటికీ ఇది తప్పనిసరి. ప్రాసెసింగ్ ఫీజు, లీగల్ ఖర్చులు, బ్యాంకు ద్వారా కట్టే బీమా కూడా కలిపి ఏడాదికి నిజంగా పడే రేటు ఎంతో, అంటే ఏపీఆర్, అందులో రాయాలి. వాయిదాల పట్టిక కూడా ఉండాలి. బీమా దగ్గర కాస్త ఆగి చదవాలి. లక్షన్నర ప్రీమియాన్ని 'అప్పులో కలిపేద్దాం' అంటే, ఎనిమిదిన్నర శాతం మీద ముప్పై ఏళ్లకు ఆ లక్షన్నరే నాలుగు లక్షల పదిహేను వేలు అవుతుంది. ఇంటి మీద అప్పున్నవాడికి జీవిత బీమా ఉండాల్సిందే, అందులో అనుమానం లేదు. దాన్ని విడిగా కొనుక్కోవచ్చన్నది చాలామందికి ఎవరూ చెప్పరు.

వడ్డీ అంతా వృథా అనడమూ న్యాయం కాదు. ఇరవై ఏళ్లు అద్దె కట్టినా చేతిలో ఏమీ మిగలదు. 2041లో 46 వేలు ఇవాళ్టి 46 వేలంత బరువుగా ఉండకపోవచ్చు, జీతాలు పెరుగుతాయి కాబట్టి. 2025 ఆగస్టులో ఆర్‌వీ రోడ్డు నుంచి బొమ్మసంద్రకు పసుపు మార్గం మెట్రో మొదలై, బయోకాన్ హెబ్బగోడి స్టేషను వచ్చింది; ఆఫీసుకు పోయే దారి సులువైంది. అయితే ఫ్లాటు విలువ పెరిగినా తగ్గినా బ్యాంకు పుస్తకంలో అసలు మారదు. దాన్ని తగ్గించేది కట్టిన డబ్బు ఒక్కటే, అదీ ఎంత ముందు కడితే అంత ఎక్కువగా.

పక్క ఫైలునే తీసుకుంటే, అప్పు తీసుకున్న మొదటి నెలలోనే ఒక్క లక్ష అదనంగా కట్టి, వాయిదా తగ్గించకుండా గడువు తగ్గించమని రాసిస్తే, రేటు మారనంతవరకు దాదాపు 30 వాయిదాలు ఎగిరిపోతాయి. ఒక లక్ష, పది లక్షల పైచిలుకు వడ్డీని ఆపుతుంది. వ్యక్తులు తీసుకున్న ఫ్లోటింగ్ గృహరుణాల మీద ముందస్తు చెల్లింపు జరిమానా వేయకూడదని రిజర్వు బ్యాంకు 2012లోనే చెప్పింది. బోనస్ వచ్చిన నెలలో ఈ మాట గుర్తుండాలి. ఇరవయ్యో ఏట కట్టే లక్షకు ఆ శక్తి ఉండదు.

హెబ్బగోడిలోనైనా, మదనపల్లెలోనైనా, హైదరాబాదులోనైనా ఇల్లు చూడబోయే ముందు బ్యాంకువాళ్లను వాయిదా ఎంత అని అడగకండి. ఇన్నేళ్లకు మొత్తం ఎంత కడతాను, రేటు రెండు శాతం పెరిగితే ఎంత కడతాను అని అడిగి కాగితం మీద తీసుకోండి. ఏడాదికోసారి స్టేట్‌మెంటు తెరిచి మిగిలిన అసలు, మిగిలిన నెలలు రెండూ చూడండి. అప్పు పూర్తిగా తీరాక 30 రోజుల్లో మీ దస్తావేజు మీ చేతికి రావాలి. 2023 డిసెంబరు 1 నుంచి, బ్యాంకు వల్ల ఆలస్యమైతే రోజుకు 5,000 రూపాయల చొప్పున మీకు చెల్లించాలి. కాగితాలు చేతికొచ్చాక తాకట్టు రద్దయినట్టు సబ్ రిజిస్ట్రార్ దగ్గర కూడా నమోదు చేయించి, కొత్త ఈసీ తీసి చూసుకోండి.