పిలుపుల పద్దు

పిల్ల నచ్చింది. పిల్లాడు నచ్చాడు. ఇచ్చిపుచ్చుకోవడాలు తలుపులేసుకుని తేల్చుకున్నారు. పంతులుగారు ముహూర్తం పెట్టేశారు. ఇక మిగిలింది చిన్న పని, ఎవరెవర్ని పిలవాలో రాసుకోవడం. మా శ్రీకాకుళం, విజయనగరం జిల్లాల్లో ఈ చిన్న పనికీ వంశధార ప్రాజెక్టు రెండో దశకీ ఆట్టే తేడా లేదు. మొదలెట్టిన రోజు అందరికీ గుర్తే, ఎప్పటికవుతుందో మాత్రం ఎవరూ చెప్పరు.

ఇంటి పెద్ద కూర్చుని, ఆలోచించి, జాబితా వేస్తాడని బయటివాళ్ళు అనుకుంటారు. ఆయనకంత స్వతంత్రమా! బీరువా అడుగున, పాత చీరల కింద, పొడుగాటి నోటు పుస్తకం ఒకటుంటుంది. మూలలకి పసుపు, మొదటి పేజీలో శ్రీరామ, ఆ తర్వాత పద్దులు. ‘కోటబొమ్మాళి అప్ప: 116, స్టీలు బిందె 1.’ ‘పలాస చిన్నాన్న: 1,116, జీడిపప్పు 2 కిలోలు.’ ‘నరసన్నపేట బావగారు: 51.’ ఆ 51 కింద ఎవరో ఎర్ర సిరాతో రెండు గీతలు గీశారు. ఆ ఇంట్లో ఇంతవరకూ జరిగిన పెళ్ళిళ్ళన్నిటి చదివింపులూ అందులోనే ఉంటాయి. ఆయన పేర్లు చదువుతాడు, ఇంటావిడ తీర్పు చెబుతుంది.

“బిందిచ్చినోల్లని మానీగలమేటి?”

మానలేరు. “మరి 51?” అని ఈయన నసుగుతాడు. “ఆల్లని ముందు పిలు. మన యవ్వారం ఏటో తెలవాల” అంటుంది ఆవిడ. శుభలేఖ మీద ‘మీ రాకయే మాకు మహదానందం’ అని అచ్చేయిస్తారు గానీ, ఆ ఆనందం వెనక ఇంత లెక్క ఉంది.

పేర్లు తేలాక మర్యాద మొదలవుతుంది. మొదటి శుభలేఖ అరసవల్లి సూర్యనారాయణమూర్తికి, రెండోది పైడితల్లమ్మకి. విజయనగరం వాళ్ళయితే ఈ వరస తిరగేస్తారు. దేవుళ్ళతో ఒక సుఖముంది, ముందు ఎవరింటికి వెళ్ళొచ్చావని అడగరు. మనుషులు మొదట అడిగేది అదే. పెద్దత్త ఇంటికి వెళ్ళకుండా చిన్నత్త ఇంటి గుమ్మమెక్కావంటే, ఆ కబురు నీ మోటారు సైకిలు కన్నా ముందే పెద్దత్తకి చేరిపోతుంది.

పిలుపుల్లో కులాలున్నాయి. దంపతులిద్దరూ వచ్చి, బొట్టు పెట్టి, అంచులకి పసుపు రాసిన కార్డు చేతిలో పెట్టి, “ఇంటిల్లిపాదీ రావాలి” అంటే అది అగ్రవర్ణం. మగాడొక్కడే వచ్చి వీధరుగు మీద కార్డు పెట్టి పోతే అది పిలుపో, కరెంటు బిల్లో తేల్చుకోవడం కష్టం. ఫోను పిలుపు దాని కింద. అట్టడుగున వాట్సాప్ పిలుపు, కింద ఒక ముక్క తగిలించి: ‘దీన్నే వ్యక్తిగత ఆహ్వానంగా భావించగలరు.’ భావించడానికి హైదరాబాదు, చెన్నైలలో ఉద్యోగాలు చేసుకునే మేనల్లుళ్ళు సిద్ధమే, సెలవు పెట్టక్కర్లేదు కాబట్టి. ఉద్దానంలో ఉన్న అమ్మమ్మే ఒప్పుకోదు. “సెల్లుకి బొట్టెలాగ పెడతావురా బావూ?” అంటుంది. ఈ ప్రశ్నకి ఇంతవరకూ ఏ కంపెనీ జవాబు చెప్పలేదు.

అన్నదమ్ములు మాట్లాడుకోని ఇల్లయితే మరీ కష్టం. అన్నని పిలిస్తే అడిగే మొదటి ముక్క, “ఆడొస్తన్నాడేటి?” తమ్ముడూ అదే అడుగుతాడు. ఇద్దరికీ “ఇంకా తెలీదు బావూ” అని చెప్పి బయటపడాలి. 1757 జనవరిలో ఇక్కడికి దగ్గర్లోనే బొబ్బిలి కోట కింద జరిగిన యుద్ధానికి చరిత్రకారులు చాలా కారణాలు రాశారు. మా వైపు పెళ్ళిపెద్దలనెవరినీ అడిగినట్టు లేదు, వాళ్ళయితే ఎవరి పిలుపు ముందెళ్ళిందో ఆరా తీసేవారు.

2022 ఏప్రిల్‌లో ప్రభుత్వం జిల్లాలు విడగొట్టింది. రాజాం వెళ్ళి విజయనగరంలో కలిసింది, పాలకొండ పార్వతీపురం మన్యంలో పడింది. రాజాం మావయ్యకి జిల్లా మారింది, అలక మాత్రం పాత రికార్డులోనే ఉంది. ఒక్కసారి మాత్రం సర్కారు మనల్ని నిజంగా ఆదుకుంది. 2020 మే నెలలో, కరోనా రోజుల్లో, పెళ్ళికి 50 మందికి మించకూడదని కేంద్రం చెప్పింది. ఎన్ని ఇళ్ళల్లో ఆ ఉత్తర్వుకి లోలోపల హారతి పట్టారో! “పిలుద్దుమనే ఉంది పిన్నీ, గవర్నమెంటోలు ఒప్పుకోలేదు” అని నోరారా చెప్పారు. పిన్ని తలూపింది. తలూపి, గుర్తుపెట్టుకుంది. ఆ ఇంట్లో రెండో పిల్ల పెళ్ళికి పిన్ని తన వాళ్ళు పదిహేను మందితో దిగి, పాత బాకీ కూడా వసూలు చేసుకెళ్ళింది.

నాయకుల పిలుపు వేరే సంగతి. రెండు పార్టీల వాళ్ళకీ కార్డులివ్వాలి, ఒకరొచ్చి వెళ్ళాకే ఇంకొకరు వచ్చేలా చూసుకోవాలి. వచ్చిన నాయకుడు అక్షింతలు వేసి, ఫొటో దిగి, మంచినీళ్ళు కూడా ముట్టకుండా వెళ్ళిపోతాడు. వెంట వచ్చిన ముప్ఫై మంది ఉంటారు, పనసపొట్టు కూర రెండోసారి అడిగేది వాళ్ళే. వీధి మొగలో ఫ్లెక్సీ మీద నాయకుడి మొహం పెళ్ళికొడుకు మొహానికి మూడింతలుంటుంది. ఈ పెళ్ళి ఎవరిదని దారిన పోయేవాళ్ళు అడిగితే తప్పు వాళ్ళది కాదు.

ఇంతా చేసి వంటాయన “ఎన్నాకులు?” అని అడిగితే చెప్పగలిగే మొనగాడు లేడు. పిలిచిన ప్రతివాళ్ళూ “తప్పకుండా వస్తాం” అన్నారు. రాని వాళ్ళు ఇంకాస్త గట్టిగా అన్నారు.

ఈ నేల మీద పెళ్ళిళ్ళ పద్దు రాయించిన మహానుభావుడు ఒకాయన ఉన్నాడు, విజయనగరం మహారాజా ఆనంద గజపతి. అప్పటి విశాఖపట్నం జిల్లాలో మూడేళ్ళలో బ్రాహ్మణ కుటుంబాల్లో జరిగిన శుల్కం పెళ్ళిళ్ళ పట్టిక తయారు చేయించాడు. 1892లో ఇక్కడే ఆడిన ‘కన్యాశుల్కం’ 1897లో అచ్చయినప్పుడు గురజాడ ఆ లెక్క ముందుమాటలో పెట్టాడు: 1,034. అదీ పూర్తి లెక్క కాదట, ఆడపిల్లకి డబ్బు పుచ్చుకున్నామని ఒప్పుకోడానికి జనం మొహమాటపడ్డారట.

మాకా మొహమాటం లేదు. చదివింపులు మైకులో చదువుతాం. పందిరి పక్కన బల్ల, బల్ల మీద పుస్తకం, పుస్తకం ముందు దస్తూరీ బాగుండే మాస్టారు బావగారు. “కాశీబుగ్గ మేనమామగారి చదివింపులు, వెయ్యినూటపదహార్లూ!” అని వినబడగానే భోజనాల పంక్తిలో కూడా తలలు లేస్తాయి. ‘మీ ఆశీస్సులే మాకు కానుకలు’ అని కార్డు మీద ఉన్నా సరే, బల్ల బల్లే.

ఈమధ్య ఆ బల్ల మీదికి స్కానరొచ్చింది. ఫోను చూపిస్తే చాలు, పక్కనున్న డబ్బా “ఐదు వందల ఒక్క రూపాయి అందినవి” అని అరుస్తుంది. మైకు ఖర్చు కలిసొచ్చిందని కుర్రాళ్ళ సంబరం. అమ్మమ్మకి మాత్రం ఆ డబ్బా నచ్చలేదు.

“డబ్బులొచ్చాయంటంది గానీ, ఎవులిచ్చారో సెప్పదేటి? రేపు ఎవుల్ని పిలవాలో మనకెలాగ తెలుస్తాది?”