వ్రతం ఇంటిదా, కోడలిదా?

మా రోజుల్లో శ్రావణ శుక్రవారమంటే ఇంటిల్లిపాదికీ పనే. ముందురోజు రాత్రే అత్తగారు వాయనానికి శనగలు నానబోసేవారు. తెల్లవారుజామున మా తోడికోడలు రుబ్బురోలు ముందు కూర్చుంటే, నేను పూర్ణం ఉండలు చుట్టేదాన్ని. ఆడపడుచులు దారాలకు పసుపు రాసి, తొమ్మిది పోగులు పోసి, తొమ్మిది ముళ్లేసి తోరాలు కట్టేవాళ్లు. మామగారు బజారుకెళ్లి పూలు, తమలపాకులు తెచ్చేవారు. గుమ్మానికి మామిడాకులు కట్టడం మగపిల్లల వంతు.

ఇప్పుడో! మా కోడలికి హైదరాబాదులో సాఫ్ట్‌వేర్ ఉద్యోగం. మొన్న వరలక్ష్మీ వ్రతానికి వాళ్లింట్లోనే ఉన్నాను. నాకు మోకాళ్ల నొప్పులు, పొయ్యి దగ్గర నిలబడలేను. ఆ పిల్ల నాలుగింటికే లేచి తలంటు పోసుకుని బూరెలు వేసింది, పులిహోర కలిపింది, కలశం పెట్టి కథ చదువుకుంది. తొమ్మిదికల్లా, చేతి తోరమైనా తియ్యకుండా, ల్యాప్‌టాప్ ముందు మీటింగులో కూర్చుంది. మా అబ్బాయి అప్పుడే నిద్ర లేచొచ్చి, ప్రసాదం ఎప్పుడు పెడతారని అడిగాడు. సాయంత్రం పేరంటానికొచ్చిన ఒకావిడ, పిండివంటలు తొమ్మిది రకాలు లేవేమని ఆరా! నాకు ఒళ్లు మండిపోయింది.

ఇల్లూ ఉద్యోగమూ ఎంత చక్కగా నెట్టుకొస్తోందో అని అందరూ మెచ్చుకునేవాళ్లే, చేయి వేసేవాళ్లే లేరు. 2024లో కేంద్ర ప్రభుత్వం చేసిన సర్వే చూడండి: ఇంటిపనులు చేసే ఆడవాళ్లకు వాటితోనే రోజుకు 289 నిమిషాలు గడుస్తున్నాయట, చేసే మగవాళ్లకు 88.

మా కాలం బంగారమని నేననను. భర్త పోయినావిడను పేరంటానికి పిలిచేవాళ్లు కాదు. తాతల ఆస్తిలో ఆడపిల్లకు మగపిల్లాడితో సమానంగా వాటా ఉండాలని మన రాష్ట్రంలో చట్టం వచ్చిందే 1986లో. అలాంటి అన్యాయాలు పోవలసిందే. వాటితోపాటు చేతిసాయం కూడా పోవాలా? ఉమ్మడి కుటుంబాలు విడిపోయాయి, నలుగురైదుగురు ఆడవాళ్లు పంచుకున్న చాకిరీ ఒక్కదాని మీద పడింది.

ఓపిక లేనప్పుడు బూరెలు కొనుక్కొచ్చి నైవేద్యం పెట్టినా అమ్మవారు అలగదు. అలిగేది మనమే. వ్రతఫలం ఇంటిల్లిపాదికీ కావాలి కదా, మరి పని మాత్రం ఒక్కదానిదెలా అవుతుంది? వంటింట్లో అడుగుపెట్టనివాళ్లకు నైవేద్యానికి వంక పెట్టే హక్కు లేదు.