ఐమూల విలాసం – టీకా తాత్పర్య సహితం

అవతారిక

పెళ్లయిన మొదటి సంక్రాంతికి అల్లుడు అత్తవారింటికి వచ్చాడు. మనిషి 6 అడుగుల 3 అంగుళాలు. ఇంట్లో ఉన్న పరుపు 6 అడుగుల పొడవు, 5 అడుగుల వెడల్పు. పరుపు కుట్టినవాడు అల్లుణ్ణి చూసి కుట్టలేదు, పిల్లనిచ్చినవారు పరుపును చూసి ఇవ్వలేదు. అరిసెలయ్యాయి, తాంబూలాలయ్యాయి. ఆ 3 అంగుళాల సంగతి పక్కలు వేసే వేళకు గానీ ఎవరికీ తట్టలేదు. అప్పుడు అత్తగారు వంటింట్లో అంట్లు సర్దుతూనే, గడప అవతల ఉన్న చిన్నకొడుకును ఉద్దేశించి పలికిన వాక్యమిది. వక్త అత్తగారు, శ్రోత బావమరిది, ఫలభోక్త అల్లుడు.

మూలం

“ఒరే చిన్నా! పక్క ఐమూలగా వెయ్యరా, బావగారికి కాళ్లు పట్టవు.”

ప్రతిపదార్థం

ఒరే చిన్నా = పనులు చెప్పించుకొనుటకే పుట్టిన ఓ కనిష్ఠ కుమారుడా!; పక్క = దుప్పటి, దిండు మొదలగు శయన సామగ్రిని; ఐమూలగా = ఒక మూల నుండి దాని ఎదుటి మూలకు పోవు విధమున; వెయ్యరా = పరచుము; (ఏలయనగా) బావగారికి = నీ అక్క చేయిపట్టిన ఆ దీర్ఘకాయునకు; కాళ్లు = చీలమండ మొదలు బొటనవేలి కొస వరకు గల భాగము; పట్టవు = పరుపునందు ఇమడవు.

తాత్పర్యం

నాయనా, పరుపును పొడిగించడం మన తరం కాదు. బావగారిని కురచ చేయడం ఎవరి తరమూ కాదు. కాబట్టి దిండును తీసుకెళ్లి ఒక మూలన పెట్టు. కాళ్లు ఎదుటి మూలకు వెళతాయి. దమ్మిడీ ఖర్చు లేకుండా మర్యాద దక్కుతుంది.

వ్యుత్పత్తి విచారం

ఈ వాక్యానికి ప్రాణం ‘ఐమూల’. తక్కినవన్నీ రోజూ నోట నలిగే మాటలే. ఇది మాత్రం ఏడాదికి ఒకటి రెండు సార్లు, వస్తువు పట్టనప్పుడు మాత్రమే, ఇంట్లో పెద్దవాళ్ల నోట వినపడుతుంది.

దీని పుట్టుక గురించి మూడు పక్షాలను ఊహించవచ్చు. ఐనూరులో ఉన్న ‘ఐ’ ఐదే కాబట్టి ఐమూల అంటే ఐదో మూల అని మొదటి పక్షం. పరుపుకు ఉన్నవి నాలుగే మూలలు, ఐదోదాన్ని ఎలుకలు కూడా చూడలేదు కాబట్టి ఆ అర్థం చెల్లదని రెండో పక్షం. రెండు ఐమూల గీతలూ ఖండించుకునే నడిమి చోటే ఐదో మూల అని మూడో పక్షం. పాచిక మీది ఐదును చూడండి: నాలుగు చుక్కలు నాలుగు మూలల్లో, ఐదోది నట్టనడుమ. ఈ మూడో పక్షం భాషాశాస్త్రం ముందు నిలబడుతుందో లేదో గానీ, పరుపు మీద నిలబడుతుంది. అల్లుడి నడుము సరిగ్గా అక్కడికే వస్తుంది.

వ్యాకరణాంశం: ‘ఐమూల మడత’, ‘ఐమూల దారి’ అన్నప్పుడు విశేషణం. ‘గా’ చేరితే క్రియావిశేషణం. మూలంలో ఉన్నది రెండోది. అత్తగారు అడిగింది ఐమూల పక్క కాదు, ఐమూలగా వేయడం. దుప్పటి తిన్నగానే ఉంటుంది, దిండు మాత్రమే జరుగుతుంది. ఈ భేదం తెలియని చిన్నవాడు దుప్పటినే తిప్పి పరిస్తే నాలుగు మూలలా పరుపు బయటపడుతుంది, మళ్లీ వంటింట్లోంచి ఇంకో వాక్యం వస్తుంది.

లక్షణ విచారం

‘వాలుగా ఉన్నది ఐమూల’ అని లక్షణం చెబితే అతివ్యాప్తి దోషం. పెంకుటింటి కప్పు ఏటవాలుగా ఉంటుంది, దాన్ని ఎవరూ ఐమూల అనరు. గోడకు చేరేసిన నిచ్చెన కూడా వాలే, ఐమూల కాదు. ‘చతురస్రంలో ఎదురు మూలలను కలిపేది’ అంటే అవ్యాప్తి. మన పరుపే చతురస్రం కాదు. కాబట్టి నాలుగు మూలలున్న దేనిలోనైనా ఒక మూలనూ దాని ఎదుటి మూలనూ కలిపేది ఐమూల అనడమే నిర్దుష్ట లక్షణం. బడి పుస్తకంలో దీని పేరు కర్ణం. అడిగినవాడికి పొడవులో అదనంగా ఇచ్చేదానికి ఆ దాత పేరు తగినదే.

పూర్వపక్షం – సిద్ధాంతం

శంక: 6, 5 అడుగుల పరుపుకు ఐమూల 7 అడుగుల తొమ్మిదంగుళాల పైచిలుకు. సరే. కానీ అల్లుడు గీత కాదు గదా, వెడల్పు ఉన్నవాడు. అడుగున్నర వెడల్పున్న చెక్కపలకను అదే పరుపు మీద ఐమూలగా పడుకోబెట్టి లెక్క కట్టండి. కొసలు పక్కలకు తగులుతాయి. ఒక్కో చివర సుమారు 0.9 అడుగు పోతుంది. మిగిలేది 6 అడుగులే. తిన్నగా వేసినా అంతే కదా, ఈ మాత్రానికి అత్తగారి ఉపదేశమెందుకు?

సమాధానం: పలకకు తల లేదు, పాదాలు లేవు. మనిషి కదురు వంటివాడు, నడుమ లావు, కొసలు సన్నం. భుజాలు వచ్చేది పరుపు విశాలంగా ఉన్నచోట, తలా పాదాలూ వచ్చేది ఇరుకుగా ఉన్నచోట. కాబట్టి ఐమూల ప్రయోజనం పలకకు దక్కదు, అల్లుడికి దక్కుతుంది.

మరో శంక: అల్లుడు ఐమూలగా పడుకుంటే అక్క ఎక్కడ పడుకుంటుంది? సమాధానం: మూలంలో అక్క ప్రస్తావన లేదు. మూలంలో లేనిదానికి అర్థం చెప్పే అధికారం వ్యాఖ్యాతకు లేదు.

ధ్వని, అలంకారాలు

‘పక్క ఐమూలగా వెయ్యి’ అనే విధికి ‘కాళ్లు పట్టవు’ అనే హేతువు చెప్పారు కాబట్టి కావ్యలింగం. ఇక ‘పట్టవు’లో శ్లేష ఉంది. ‘అవి పట్టవు’ అంటే ఇమడవని. ‘నువ్వు పట్టవు’ అంటే కాళ్లు ఒత్తవని. పెళ్లిలో మామగారు కాళ్లు కడిగారు, నువ్వు కనీసం పట్టనైనా పట్టవు, పక్కైనా సరిగ్గా వేసి ఏడు అని వ్యంగ్యార్థం. చిన్నవాడికి వాచ్యార్థమే అందింది. గదిలో కూర్చున్న అల్లుడికి రెండూ అందాయి.

‘ఐమూల’లోనూ శ్లేష లేకపోలేదు. మూల అంటే కోణం, మూలం అంటే వేరు. 6ను 6తో, 5ను 5తో గుణించి కూడితే 61. దాని వర్గమూలం తీస్తే గానీ ఐమూల రాదు. ఒక మూలం తెలియకుండా ఇంకో మూల తేలదన్నమాట.

ప్రమాణాలు

సూత్రప్రమాణం: యజ్ఞవేదికలను తాడుతో కొలిచి కట్టే పద్ధతి చెప్పిన శుల్బసూత్రాల్లో చతురస్రానికి ఐమూలగా లాగిన తాడు మీద కట్టిన చతురస్రం మొదటిదానికి రెట్టింపు వైశాల్యం ఇస్తుందని ఉంది. ఆ తాడు పొడవు కూడా చెప్పారు: భుజానికి దానిలో మూడో వంతు కలుపు, ఆ మూడో వంతులో నాలుగో వంతు కలుపు, ఆ నాలుగో వంతులో ముప్పై నాలుగో వంతు తీసెయ్యి. వచ్చేది 1.4142157. అసలు విలువ 1.4142136. అంటే 10 అడుగుల గదిలో తేడా వెంట్రుక మందం కూడా ఉండదు. బౌధాయనుడూ చెప్పాడు, ఆపస్తంబుడూ చెప్పాడు. తెలుగునాట ఎన్నో ఇళ్లలో అభివాదం చేసేటప్పుడు ‘ఆపస్తంబ సూత్రః’ అంటూ ఆ పేరు పలుకుతూనే ఉన్నారు, తాడు సంగతి మాత్రం మేస్త్రీకి వదిలేశారు.

వాస్తుప్రమాణం: వాస్తుపురుషుడు ఈశాన్యంలో తల, నైరుతిలో పాదాలు పెట్టి పడుకుంటాడని వాస్తుగ్రంథాలు చెబుతాయి. అంటే ఐమూలగానే. ఆయనకూ తిన్నగా కాళ్లు పట్టలేదని ఊహ.

క్రీడాప్రమాణం: చదరంగంలో శకటు నడిచేది ఐమూలగానే. బంటు సంగతి ఇంకా లోతు: నడిచేటప్పుడు తిన్నగా, చంపేటప్పుడు ఐమూలగా. ఆఫీసుల్లో పనిచేసేవారికి దీనికి వేరే తాత్పర్యం అక్కర్లేదు.

లోకప్రయోగాలు

దర్జీ దగ్గర ఈ మాట ‘క్రాసు’ అయింది. క్రాసు కటింగు జాకెట్టు ఒంటికి అతుక్కున్నట్టు ఎందుకు కూర్చుంటుందో తెలియాలంటే నేత గుడ్డ జేబురుమాలు తీసుకోండి. అంచు వెంబడి లాగితే పడుగు పోగో పేక పోగో అడ్డం తిరుగుతుంది, గుడ్డ సాగదు. ఎదురు మూలలు పట్టుకుని లాగండి. పోగులేవీ సాగకుండానే గళ్లు నలిగి పక్కకు వాలతాయి, గుడ్డ పొడుగ్గా సాగి నడుమ సన్నబడుతుంది. మెడ చుట్టూ పైపింగు కుట్టే పట్టీని ఐమూలగా కత్తిరించేది అందుకే. తిన్నగా కత్తిరించిన పట్టీ వంపు తిరగనని మొరాయించి ముడతలు పడుతుంది.

టీవీ షాపులో ఇదే మాట ‘సైజు’ అయింది. 43 అంగుళాల టీవీ అంటే గోడ మీద 43 అంగుళాలు పరుచుకుంటుందని కొన్నవాడి ఆశ. తెర వెడల్పు 37న్నర, ఎత్తు 21 మాత్రమే. షాపువాడు అమ్మింది ఐమూల.

విశేషార్థం

ఇంతవరకు చెప్పింది మర్యాద విషయం, ఇకపై చెప్పేది ఆస్తి విషయం. కాబట్టి పాఠకులు సావధానంగా వినాలి.

నాలుగు పక్కలూ 40 అడుగులున్న స్థలం విస్తీర్ణమెంత? వెంటనే 1,600 చదరపు అడుగులు అంటారు. అది మూలమట్టానికి ఉంటేనే. ఆ స్థలాన్ని ఒక మూల పట్టుకుని కాస్త నొక్కినట్టు ఊహించండి. ఒక ఐమూల 64 అడుగులు, రెండోది 48 అడుగులు అయిందనుకుందాం. నాలుగు పక్కలూ ఇప్పటికీ 40 అడుగులే, అంగుళం తేడా లేదు. విస్తీర్ణం మాత్రం 1,536 చదరపు అడుగులు. 7 గజాల పైన గాలిలో కలిసిపోయింది. ఇంకా నొక్కితే ఇంకా పోతుంది. పూర్తిగా నొక్కితే నాలుగు కొలతలూ పదిలంగా ఉండి, స్థలమే ఉండదు.

1150లో లీలావతి రాసిన భాస్కరాచార్యుడికి ఈ విషయంలో చాలా కోపం. కర్ణమో లంబమో ఒక్కటైనా చెప్పకుండా నాలుగు భుజాల క్షేత్రానికి ఫలమెంత అని అడిగేవాడు పిశాచమన్నాడు. దానికి జవాబు చెప్పేవాడు అంతకంటే పెద్ద పిశాచమన్నాడు. గణితంలో ఇంత సూటిగా తిట్టిన చోట్లు తక్కువ. మన దస్తావేజులు తిరగేస్తే తూర్పున ఇన్ని అడుగులు, పడమర ఇన్ని అడుగులు, దక్షిణం ఇన్ని, ఉత్తరం ఇన్ని, వెరసి ఇన్ని చదరపు గజాలు అని ఉంటుంది. హద్దుల్లో ఎవరి ఇల్లుందో, ఎవరి గోడుందో, ఎన్ని అడుగుల రోడ్డుందో అన్నీ ఉంటాయి. చాలా వాటిలో ఐమూల మాత్రం ఉండదు. భాస్కరుడి లెక్కన అమ్మినవాడు, కొన్నవాడు, లేఖరి, సాక్షులిద్దరు, అందరూ పిశాచ గణమే.

పొలం కొలిచే సర్వేయరు ఈ పాపం మూటగట్టుకోలేదు. ఎఫ్‌ఎంబీ (పొలం కొలతల పుస్తకం) పటంలో పొలానికి అడ్డంగా ఒక మూల నుంచి ఎదుటి మూలకు గీత గీసి, దాని నుంచి గట్టు మలుపులకు కొలతలు వేస్తాడు. మేస్త్రీ కూడా నిర్దోషే. పునాదికి ముగ్గు పోసే ముందు ఒక దారం మీద 3 అడుగులు, రెండో దారం మీద 4 అడుగులు గుర్తు పెట్టి, ఆ రెండు గుర్తుల నడుమ 5 వచ్చిందా అని చూస్తాడు. తర్వాత రెండు మూలల నుంచీ టేపు లాగి “క్రాసులు కలిశాయి” అంటాడు. ఇక్కడ తార్కికుడు ఒక మెలిక పెట్టవచ్చు: రెండు ఐమూలలూ సమానమైనంత మాత్రాన మూలమట్టం కాదు. ముందు ఇరుకు, వెనుక వెడల్పుగా, పక్కలు రెండూ సమానంగా ఉండే గోముఖ స్థలంలోనూ ఐమూలలు సమానమే. నిజం. అందుకే మేస్త్రీ ముందు ఎదురెదురు పక్కలు సమానమని తేల్చుకుని, ఆ తర్వాతే క్రాసు చూస్తాడు. తర్కం చదవకపోయినా అతివ్యాప్తి అంటే ఏమిటో ఆయనకు తెలుసు.

ఫలశ్రుతి

ఈ ఐమూల వ్యాఖ్యను శ్రద్ధగా చదివినవారికి బీరువా గుమ్మంలోంచి వంచి లోపలికి తెచ్చే యుక్తి తెలుస్తుంది. విన్నవారికి టీవీ కొనేటప్పుడు భ్రాంతి తొలగుతుంది. స్థలం కొనబోయేవారు టేపు పట్టుకుని నాలుగు పక్కలతో ఆగక, ఎండ మండుతున్నా ముళ్లకంప అడ్డొచ్చినా మధ్యలోంచి నడిచి ఒక్క ఐమూలనైనా కొలిపించి, ఆ అంకెను దస్తావేజులో రాయించుకుంటే భాస్కరాచార్యుడి తిట్టు తగలదు. “ఇదివరకు ఎవరూ ఇలా రాయించలేదండీ” అని లేఖరి అంటాడు. రాయమనండి.