నలభై లీటర్ల పొట్ట

నా పొట్టలో 40 లీటర్లు పడతాయని మెడ దగ్గర కుట్టిన చీటీ చెబుతుంది. లీటర్లంటే నీళ్లో పాలో అనుకునేరు. మా సంచుల్లో బట్టలకీ బూట్లకీ కూడా అదే కొలత. కోఠీలో ఓ దుకాణం ముందు కొక్కేనికి వేలాడి వేలాడి ఎండకు ఒక పక్క రంగు వెలిశాను. ఆ వెలిసిన పక్కే చూపించి, బేరమాడి, నన్ను కొన్నాడు తమ్ముడు. ఆ ఇంట్లో అక్క మాటే చెల్లుతుంది కాబట్టి అతణ్ణి నేనూ తమ్ముడనే అంటాను.

కొండలెక్కడానికని కొని, ఏళ్ల తరబడి నాచేత ల్యాప్‌టాప్ మోయించాడు. చార్జరు, టిఫిన్ డబ్బా, తడి గొడుగు. ఆఫీసువాళ్లు కొత్త సంచి ఇచ్చాక నన్ను అటకెక్కించాడు. బొమ్మల కొలువు పెట్టెకీ పాత కుక్కర్‌కీ మధ్య ఇరుక్కుని ఉండగా, ఒక డిసెంబరు రాత్రి కింద హాల్లో వాదన వినబడింది.

"రెండ్రోజులు చాలక్కా. నాసిక్‌లో మిసల్, వైన్ తోట, హరిహర్ కోట. అంతే."

"మరి త్ర్యంబకం? రాజమండ్రిలో పుట్టి, గోదారి పుట్టిన ఊరు దాకా వెళ్లి, చూడకుండా వస్తే అమ్మ గడప తొక్కనిస్తుందా?"

"జనవరి 26 కలిసొస్తోంది. సెలవు కూడా పెట్టక్కర్లేదు."

అక్క నవ్వు అటక దాకా వచ్చింది. "ఒరేయ్, నువ్వు వెళ్లేదే వైన్ కోసం. జనవరి 26న మందు అమ్మరు. ఆగస్టు 15నా, అక్టోబరు 2నా అమ్మరు. చుక్క ముట్టని నేను చెప్పాలా నీకు ఈ సంగతి!"

ఆ పూట నుంచి ప్రయాణం అక్క చేతిలోకి వెళ్లింది. ఆవిడ బళ్లో సోషల్ టీచరు, కాలపట్టిక గీయడం వృత్తి. వానాకాలంలో నాసిక్ కొండలు జలపాతాలతో కన్నులపండువే, కానీ రాతిమెట్లు పాచి పట్టి జారతాయి, తోటల్లో ద్రాక్ష ఉండదు. అక్కడ తీగలను ఏడాదికి రెండుసార్లు కత్తిరించి ఒకే కాపు తీస్తారు. ఏప్రిల్‌లో ఒక కత్తిరింపు, వానలు వెనకబట్టాక మరొకటి. పండు చేతికొచ్చేది జనవరి నుంచి మార్చిలోగా. యూరప్‌లో ఆగస్టు మొదలు అక్టోబరు దాకా కోసేదాన్ని మనవాళ్లు చలికాలానికి తిప్పుకున్నారు. కాబట్టి ఫిబ్రవరి. శనాదివారాలు ముంబై, పుణె జనం తోటల మీదా కోట మీదా పడతారు కాబట్టి కొండకీ తోటకీ సోమవారం. తమ్ముడు గొణుక్కుంటూ రెండ్రోజుల సెలవు పెట్టాడు.

సర్దడం మొదలైంది. తమ్ముడు నాలో ట్రైపాడ్, స్పీకరు, రెండో జత బూట్లు కుక్కాడు. అక్క ఒక్కొక్కటే బయటికి లాగి ఓఆర్‌ఎస్ పొట్లాలు, టార్చి, తువ్వాలు, పల్లీలు పెట్టింది. చివరికి నేను సగం ఖాళీగా నిలబడ్డాను. నా బతుకులో నా కొలత తెలిసి సర్దిన మనిషిని అప్పుడే చూశాను.

శనివారం సాయంత్రం సికింద్రాబాద్‌లో అజంతా ఎక్స్‌ప్రెస్. పెట్టె నిండా షిర్డీ భక్తులు, పులిహోర వాసన. తెల్లారి నాగర్‌సోల్‌లో వాళ్లు దిగిపోయాక నాకు సీటు దొరికింది. మన్మాడ్‌లో బండి మారి, గంట ప్రయాణంలో నాసిక్ రోడ్. దారిలో లాసల్‌గావ్ వచ్చింది. మన కూరగాయల బండి మీద ఉల్లి ధర ఆడేది ఈ మార్కెట్‌ను బట్టేనని అక్క కిటికీలోంచి పాఠం చెప్పేసింది.

ఆదివారం పొద్దున్న మిసల్. మొలకెత్తిన మట్కీ గింజల కూర, మీద ఫర్సాన్, ఉల్లిముక్కలు, పక్కన పావ్, పెరుగు, అప్పడం. ఎర్రగా తేలే తర్రీ అడిగినకొద్దీ పోస్తారు. గుంటూరు కారం తిన్నవాణ్ణి, నాకిదో లెక్కా అని తమ్ముడు ఒంపుకున్నాడు. కంట నీళ్లు పెట్టుకుని రెండో పావ్‌తో తుడిచాడు. ఒలికిన బొట్టు ఒకటి నా జేబు మీద ఇప్పటికీ ఉంది. ఏ సబ్బుకీ లొంగలేదు. ఇంత ఘాటు తిండి కొండెక్కే రోజున పనికిరాదని అక్క ముందే తేల్చింది కాబట్టే అది ఆదివారానికి పడింది.

ఆ మధ్యాహ్నం పాండవ్‌లేణి. పేరులో పాండవులున్నా అవి బౌద్ధ గుహలు, మొత్తం 24. మూడో గుహలో అక్క నిలబడిపోయింది. గౌతమీపుత్ర శాతకర్ణి పోయాక, తల్లి గౌతమీ బాలశ్రీ తన మనవడు పులుమావి ఏలుబడి 19వ ఏట కొడుకు ఘనతను ప్రాకృతంలో చెక్కించిన గోడ అది. ఏటా పిల్లలచేత బట్టీ పట్టించే పాఠం ఎదురుగా ఉంటే ఆవిడ ఫొటో తీయడం కూడా మర్చిపోయింది. తమ్ముడు మాత్రం నన్ను దిండు చేసుకుని వరండాలో కునుకు తీశాడు.

సోమవారం చీకటితో జీపు. త్ర్యంబకం దాటి నిర్గుడ్‌పాడా పల్లె, అక్కణ్ణుంచి నడక. హరిహర్ మెట్లు కిందనుంచి చూస్తే గోడకు నిచ్చెన వేసినట్టుంటాయి. వాలు 80 డిగ్రీలంటారు. రాయిలోనే మెట్టు, మెట్టు పక్కనే చేయి పట్టుకోవడానికి గుంట. 1818లో ఈ కోట ఆంగ్లేయుల చేతికి వచ్చింది. చుట్టుపక్కల ఎన్నో కోటల మెట్లు పగలగొట్టినవాళ్లు వీటి జోలికి పోలేదు. మెట్ల మీద ఒకరి వెనక ఒకరే. దర్వాజా దాటాక కొండ చరియ కింద వంగి నడవాలి, అక్కడ ఉబ్బిన సంచి రాయికి తగిలి మనిషిని బయటికి నెడుతుంది. నేను సగం ఖాళీగా ఉన్నాను కాబట్టి వీపుకు అంటుకుపోయాను. తమ్ముడి గుండె కొట్టుకోవడం నా పట్టీలకు తెలుస్తోంది. పైన చిన్న చెరువు, గుడి, రాతి కొట్టు, ఎదురుగా బ్రహ్మగిరి. దిగేటప్పుడు రాయికి మొహం పెట్టి దిగాలి. అక్క సులువుగా దిగింది. తమ్ముడు ప్రతి మెట్టుకూ "అక్కా, ఉన్నావా?" అన్నాడు.

కొండ ముందు, వైన్ తర్వాత. ఈ వరస తిప్పితే ఆ మెట్ల మీద నా గతేమిటో ఊహించుకోండి.

మధ్యాహ్నం స్నానం, నిద్ర. సాయంత్రం గంగాపూర్ ఆనకట్ట దగ్గర సూలా తోట. తిరుగు ప్రయాణానికి ఆటో ముందే మాట్లాడుకున్నారు. రాజీవ్ సామంత్ 1999లో పెట్టిన సంస్థకు పేరు వాళ్లమ్మ సులభ నుంచి వచ్చిందని విని అక్క సంతోషించింది. "ఆ గుహలో తల్లి పేరు రాజుకి, ఇక్కడ సీసాకి" అంది. స్టీలు ట్యాంకులు, ఓక్ పీపాలు చూపించి, గ్లాసు అడుగున కొద్దికొద్దిగా పోసి రుచి చూపించారు. సోవిన్యోఁ బ్లాఁ గ్లాసును తిప్పి తిప్పి వాసన చూసి తమ్ముడు "పూలు" అన్నాడు. అక్క ముక్కు మాత్రం పెట్టి "పచ్చి క్యాప్సికమ్ రా" అంది. ఆ ద్రాక్షకు సరిగ్గా ఆ వాసనే గుర్తని వైన్ చూపించే అమ్మాయి మెచ్చుకుంది. తాగనివాళ్లకు తోటలో పనేముందనేవాళ్లు అక్కను చూడాల్సింది.

సీసాలు నాలోకి రాలేదు. మద్యం రాష్ట్రం దాటించాలంటే ఎక్కడి ఎక్సైజు నిబంధన అక్కడిది, పైగా నిండు సీసా కిలో దాటుతుంది. బదులుగా నాసిక్ చివ్డా, ఎండుద్రాక్ష ఎక్కాయి.

మంగళవారం త్ర్యంబకంలో దర్శనం. దారిలో అంజనేరి కొండ. హనుమంతుడు పుట్టింది అక్కడేనని ఆటోడ్రైవరు చెబితే, తిరుమల అంజనాద్రి అని 2021లో మా టీటీడీ ప్రకటించిందని తమ్ముడు వాదానికి దిగాడు. అక్క కలగజేసుకోకపోతే రైలు తప్పేది.

వెళ్లాలనుకుంటే మార్చి చివరిదాకా ఆగకండి. అప్పటికి ద్రాక్ష కోతలు ముగుస్తాయి, హరిహర్ రాయి పొద్దెక్కకముందే కాలుతుంది. సంచిని మాత్రం సగమే నింపండి.