కోరమీసాల సామి, కొరియా సీరియలు

2024 ఫిబ్రవరి 20న కొరియాలో ఓ ఇల్లాలి పగ తీరింది. అదే ఏడు మార్చి 8న శివరాత్రి, మహబూబాబాద్ జిల్లా కురవిలో వీరభద్రస్వామి జాతర. ఈ రెంటికీ సంబంధం ఏమిటంటారా? ముందు కొరియా సంగతి వినండి.

ఆ రోజు ముగిసిన 'మ్యారీ మై హస్బెండ్' సీరియల్లో నాయిక జీ-వన్ క్యాన్సర్‌తో ఆసుపత్రిలో ఉంటే, మొగుడు మిన్-హ్వాన్ ఆమె ప్రాణస్నేహితురాలు సూ-మిన్‌తో ఇంట్లో కులుకుతుంటాడు. ఇదేమిటని నిలదీస్తే తోసేస్తాడు. గాజుబల్లకు తల కొట్టుకుని ఆమె చచ్చిపోతుంది. కళ్లు తెరిస్తే 2013. పదేళ్లు వెనక్కి! ఈసారి ఆమె కత్తి పట్టలేదు. ఆ మొగుణ్ణి ఆ స్నేహితురాలికే కట్టబెట్టింది. ఇంతకన్నా కఠినమైన సెక్షన్ ఏ శిక్షాస్మృతిలోనూ లేదు. చివరికి గాజుబల్ల వాడి తలకే తగిలింది, సూ-మిన్ జైలుకు పోయింది, నాయిక మంచివాణ్ణి చేసుకుని పిల్లల్ని ఎత్తుకుంది. అంతా పదహారు భాగాల్లో సాఫ్. మన 'కార్తీకదీపం' పదిహేను వందల ఎపిసోడ్లు దాటింది. అందులో డాక్టర్ బాబు ఒక్క డీఎన్ఏ పరీక్షకు కదిలేసరికే ఏళ్లు గడిచాయి.

కురవికి మాత్రం ఇది పాత కథే. మామ దక్షుడు అల్లుడు శివుణ్ణి పిలవకుండా యాగం పెట్టాడు. పుట్టింటి అవమానం తాళలేక సతి ప్రాణం తీసుకుంది. శివుడి జటలోంచి వీరభద్రుడు లేచి దక్షుడి తల తెంచాడు. తర్వాత మేకతల అతికించి క్షమించేశారు. సతి పార్వతిగా మళ్లీ పుట్టి అదే మొగుణ్ణి చేసుకుంది. ప్రేమ, పగ, రెండో జన్మ, ఏం తక్కువైంది? ఆ స్వామికి 2017 శివరాత్రి నాడు అప్పటి ముఖ్యమంత్రి కేసీఆర్ బంగారు కోరమీసాలు సమర్పించి, తెలంగాణ వచ్చిన మొక్కు తీర్చుకున్నారు. రాష్ట్రం మొక్కు తీరింది. సతుల మొక్కులే ఇంకా పెండింగు.

సరే, మా పక్క ఆడపిల్ల ఒకతె జీ-వన్ లాగే పదేళ్లు వెనక్కి వచ్చి వాకిట్లో నిలబడిందనుకోండి.

"నాయినా, ఈ పిలగాడు నన్ను సంపుతడు. నేను సూసొచ్చిన."

"కార్డులు పంచినం గద బిడ్డా!"

"పిల్లలైతే ఆయనే సక్కగయితడు తియ్యి," అంటుంది తల్లి.

"ఇచ్చిన కట్నం ఏ మొకం పెట్టుకొని వాపసడుగుతం?" అంటాడు మేనమామ.

పెద్దమనుషులు గొంతు సవరించుకుంటారు: "సచ్చినవంటున్నవ్, మంచిదే. సాక్షి ఎవలు?"

ముందే తెలియకపోవడం మన కష్టం ఎప్పుడూ కాలేదు. పిల్లాడు తాగుతాడని పెళ్లిచూపుల నాడే ఊరంతటికీ తెలుసు. కట్నం నేరమని 1961 నుంచీ తెలుసు. ఆడబిడ్డకు కొడుకుతో సమాన వాటా అని ఎన్టీఆర్ తెచ్చిన చట్టం 1985 నుంచే అమల్లో ఉందనీ తెలుసు. అన్నీ తెలిసే, పసుపు కుంకుమల కింద ఓ చీర పెట్టి, హక్కు విడుదల కాగితం మీద ఆమెతో సంతకం చేయిస్తాం.

జీ-వన్‌ని గట్టెక్కించింది ఒక్క కాలప్రయాణమే కాదు. చేతిలో నెల జీతం ఉంది. వెనకాల ఆ కంపెనీ ఛైర్మన్ మనవడే ఉన్నాడు. పైగా ఆ సీరియల్లో ఓ నియమం: రావాల్సిన ఆపద వచ్చే తీరుతుంది, కాకపోతే ఇంకొకరి మీదికి మళ్లించవచ్చు. నాయికకు రావాల్సిన క్యాన్సర్ ఆఫీసులో తోటి ఉద్యోగినికి వచ్చింది. అలా ఎవరి మీదికి పోతుందో తెలియకే కొరియా వాళ్లకు అంత ఉత్కంఠ. మన ఇళ్లల్లో ఆ ఉత్కంఠ లేదు. ఆ ఇంకొకరు కోడలేనని ముందే తేల్చేసుకున్నాం.

కాబట్టి రేపు ఎవరైనా కాలయంత్రం కనిపెడితే, మహబూబాబాద్ జిల్లా కోటాలో ఆడపిల్లల్ని ఎక్కించకండి. వాళ్లకు అంతా తెలుసు. తండ్రుల్ని, మేనమామల్ని, పెద్దమనుషుల్ని ఎక్కించండి. పదేళ్లు కూడా అక్కర్లేదు. పెళ్లికార్డులు అచ్చుకు ఇచ్చే ముందురోజు దింపితే చాలు.