గేము ఆన్‌లైన్ ఎక్కిందా?

రాంబిల్లి మండలంలో ఎవరైనా ఏదైనా కొన్నారని తెలిస్తే పెద్దవాళ్లు రేటు తర్వాత అడుగుతారు. ముందు అడిగేది వేరు: "ఆన్‌లైన్ ఎక్కిందా?"

ఊరికే పుట్టలేదు ఈ ప్రశ్న. పక్కన అచ్యుతాపురంలో సెజ్ వచ్చింది. ఇటు తీరంలో నౌకాదళం వాళ్లు ‘వర్ష’ పేరుతో స్థావరం కట్టుకుంటున్నారు. ఒకప్పుడు ఎకరాల్లో చెప్పుకున్న నేలని ఇప్పుడు గజాల్లో చెప్పుకుంటున్నారు. కొనడం ఒక పూట పని. సబ్ రిజిస్ట్రార్ ఆఫీసులో వేలిముద్ర, ఫొటో, సంతకం, బయట టీ. అసలు కథ ఆ టీ తర్వాత మొదలవుతుంది. అడంగల్‌లో పేరు మారాలి, 1బీలో ఎక్కాలి, పాస్‌పుస్తకం రావాలి. 2015లో మీభూమి పోర్టల్ పెట్టిన దగ్గర్నుంచి బడి మొహం చూడని తాతలు కూడా "సర్వర్ డౌనంట" అని తడుముకోకుండా చెబుతున్నారు. కాళ్ల కింద నేలుంటే చాలదు, తెర మీద పేరుండాలి.

ఇంత తర్ఫీదు పొందిన ఊళ్లో మా మేనల్లుడు ఒక కంప్యూటర్ గేమ్ కొన్నాడు.

పేరున్న ఆన్‌లైన్ దుకాణమే. రాత్రి భోజనాలయ్యాక యూపీఐలో డబ్బు కొట్టాడు. డబ్బు వెళ్లింది, గేమ్ రాలేదు. "మీ కొనుగోలు పరిశీలనలో ఉంది" అని తెర మీద ఒక ముక్క మాత్రం మిగిలింది. వాడు లాప్‌టాప్ ముందు కూర్చున్నాడు. వాడి తాత అరుగు మీదున్నాడు.

"ఏట్రా, ఇంకా పడుకోనేదా?"

"గేమ్ కొన్నాను తాతా. లైబ్రరీలోకి రావాలి."

"లైబ్రరీ ఏట్రా? అది తలుపు తీసి ఎన్నాళ్లయినాదో!"

తాత బాధ తాతది. ఇంటి పన్నులో రూపాయికి 8 పైసల చొప్పున గ్రంథాలయ సెస్సు కడుతూ వచ్చిన మనిషి. కట్టిన డబ్బుకి లైబ్రరీలో ఏదో ఒకటి కనపడాలన్న ఆశ వదిలేసి చాలాకాలమైంది.

"ఆ లైబ్రరీ కాదు తాతా. మనం కొన్న ఆటలన్నీ అందులో వరసగా కనపడతాయి. ఆన్‌లైన్‌లో."

తాత మొహం వెలిగింది. "అద్గదీ! డబ్బులిచ్చేసేవు, ఆన్‌లైన్ ఎక్కనేదు. ఆర్నెల్లు పడతాది. వీఆర్వోని కలిసేవా?"

పక్కనున్న నేను నవ్వాను. నవ్వాక ఆలోచిస్తే, ముసలాయన చెప్పిన దాంట్లో వీఆర్వో తప్ప తీసేయాల్సింది పెద్దగా కనపడలేదు.

నిజం చెప్పుకోవాలంటే, కొన్న గేమ్ మామూలుగా నిమిషంలో లైబ్రరీలోకి వచ్చేస్తుంది. చిక్కంతా ఆ నిమిషం సాగినప్పుడు. మన బ్యాంకు, మధ్యన పేమెంట్ కంపెనీ, అవతల దుకాణం, ముగ్గురూ ఒకరి మాట ఒకరు నమ్మాలి. ఏ ఒక్కరికి అనుమానం తగిలినా గేమ్ గుమ్మం దగ్గర ఆగిపోతుంది. మన డబ్బు మాత్రం గుమ్మం దాటేసి ఉంటుంది. దీనికి రిజర్వ్ బ్యాంకు 2019 సెప్టెంబరులోనే ఒక లెక్క రాసిపెట్టింది. యూపీఐలో వ్యాపారికి కట్టిన సొమ్ము మన ఖాతాలోంచి పోయి, అవతలి నుంచి ఖాయం కాకపోతే 5 రోజుల్లో వెనక్కి వెయ్యాలి. ఆ పైన ఆలస్యానికి రోజుకి 100 రూపాయలు పరిహారం. ఈ రూలు పాస్‌పుస్తకాలకి కూడా పెట్టి ఉంటే మండలంలో సగం మంది ఈపాటికి పనులు మానేసి పరిహారం మీద బతికేవారు.

మావాడి గేమ్ తెల్లారేసరికి లైబ్రరీలో కనిపించింది. తాత ఒప్పుకోలేదు. అంత తొందరగా ఎక్కిందంటే మధ్యలో ఎవడికో డబ్బు ముట్టి ఉంటుందని ఆయన నమ్మకం.

అసలు వైభోగం చూడాలంటే ప్రీ-ఆర్డర్ చూడాలి. ఇంకా విడుదల కాని గేమ్‌కి పూర్తి సొమ్ము ముందే కట్టడం. కట్టగానే లైబ్రరీలోకి ఎక్కుతుంది కూడా. బొమ్మ ఉంటుంది, పేరు ఉంటుంది, ఆడటానికి మాత్రం ఉండదు. విడుదలకి ఒకట్రెండు రోజుల ముందు ఫైళ్లు దించుకోమంటారు, దానికి ప్రీలోడ్ అని పేరు. దించుకున్నవన్నీ తాళం వేసిన ఫైళ్లే. అంటే మన కరెంటు ఖర్చుతో, మన నెట్‌తో, మన డిస్కులో వాళ్ల సరుకుని మనమే దాచిపెడతాం. గోడౌను అద్దె ఇవ్వకపోగా మన దగ్గరే తీసుకున్న ఘనత బహుశా ఈ వ్యాపారానిదే.

ఇదేం నిన్నమొన్నటి తెలివి కాదు. అమెరికాలో వాల్వ్ అనే కంపెనీ 2003 సెప్టెంబరులో స్టీమ్ అనే దుకాణం తెరిచింది. మరుసటేడు నవంబరు 16న ‘హాఫ్-లైఫ్ 2’ విడుదల చేసింది. నెట్‌లో కొన్నవాళ్లు ముందే దించుకుని, తాళం ఎప్పుడు తీస్తారా అని కాచుకుని కూర్చున్నారు. షాపుకెళ్లి డబ్బా కొనుక్కున్న అమాయకులకి కూడా ఇంటికొచ్చాక అదే గతి పట్టింది. స్టీమ్ ఒప్పుకుంటే తప్ప డబ్బాలోని డిస్కు కదల్లేదు. అందరూ ఒకేసారి తలుపు తట్టేసరికి సర్వర్లు చేతులెత్తేశాయి. "సర్వర్ డౌన్" అన్న మాట మన తాతలు నేర్చుకోడానికి పదేళ్ల ముందే అమెరికా వాళ్లు నేర్చుకున్నారు.

ముహూర్తం సంగతి మరీ ముచ్చట. స్టీమ్‌లో గేములు ఎక్కువగా అమెరికా పడమటి తీరంలో పొద్దున్న 10 గంటలకి విడుదలవుతాయి. అప్పుడు రాంబిల్లిలో వేసవైతే రాత్రి 10:30, చలికాలమైతే 11:30. అక్కడ గడియారం ఒక గంట ముందుకీ వెనక్కీ జరుపుతారు, ఇక్కడ మా మేనల్లుడి నిద్ర జరుగుతుంది. బెనిఫిట్ షోకి హాలు ముందు నిలబడితే ఈలలైనా వెయ్యొచ్చు. ఇక్కడ తెర మీద తిరుగుతున్న సున్నాని చూస్తూ ఒంటరిగా ఆవలించాలి.

సున్నా ఆగాక డౌన్‌లోడు. ఈనాటి పెద్ద గేములు 100 జీబీ దాటడం వింతేమీ కాదు. రోజుకి 2 జీబీ ఇచ్చే ఫోను ప్యాకేజీ మీద దించుకోవాలంటే 50 రోజులు. అప్పటికి చేలో ఊడ్పులైపోయి కలుపు కూడా తీసేస్తారు. 2017 డిసెంబరు 27న రాష్ట్రపతి చేతుల మీదుగా మొదలైన ఏపీ ఫైబర్‌గ్రిడ్, నెలకి 149 రూపాయలకే సెకనుకి 15 మెగాబిట్ల నెట్ ఇస్తామంది. ఆ వేగం ఎక్కడా తగ్గకుండా వచ్చినా 15 గంటల దాకా పడుతుంది. ఎక్కడా తగ్గకుండా అన్న మాట దగ్గర ఎవరూ నవ్వకూడదు.

విడుదల తేదీ అయినా ఒక చోట నిలుస్తుందా? ప్రపంచమంతా ఎదురుచూస్తున్న ‘జీటీఏ 6’ని మొదట 2025లో అన్నారు. తర్వాత 2026 మే 26 అన్నారు. ఆ తర్వాత 2026 నవంబరు 19 అన్నారు. ఇది విన్న తాత ఆ కంపెనీ మీద తొలిసారి గౌరవం కనబరిచాడు. "మన కాంట్రాక్టరేనా?" అని అడిగాడు.

సరే, ఎక్కింది, దిగింది, తాళం ఊడింది. ఇక మనదేనా?

ఈ ప్రశ్నకి జవాబు మన కుర్రాళ్లకి 2020 సెప్టెంబరు 2నే దొరికింది. కేంద్రం ఆ రోజు పబ్జీ మొబైల్‌ని నిషేధించింది. గేమ్ ఉచితమే గానీ అందులో చొక్కాలూ తుపాకుల రంగులూ డబ్బు పెట్టి కొనుక్కున్నవాళ్లు ఊరూరా ఉన్నారు. ఒంటి మీదికి పండక్కి చొక్కా కొనుక్కోకుండా ఆటలో బొమ్మకి కోటు కుట్టించిన త్యాగమూర్తులు. 2021 జూలైలో అదే ఆట బీజీఎంఐ పేరుతో వచ్చింది, 2022 జూలై 28న అదీ స్టోర్ల నుంచి మాయమైంది, 2023 మేలో మళ్లీ ప్రత్యక్షమైంది. ఇక్కడ ప్రభుత్వానికి దేశభద్రత అనే కారణమైనా ఉంది. ఉబిసాఫ్ట్ అనే గేముల కంపెనీకి అదీ అక్కర్లేదు. 2014లో అమ్మిన ‘ద క్రూ’ అనే కార్ల ఆటకి 2024 మార్చి 31న సర్వర్లు ఆపేసింది. అంతటితో ఊరుకోకుండా, కొన్నవాళ్ల లైబ్రరీల్లోంచి హక్కు కూడా వెనక్కి లాక్కుంది. ఇది రోడ్డు మూసెయ్యడంతో ఆగిన పని కాదు. ఇంట్లో ఉన్న కారు తాళాలు కూడా అడిగి తీసుకున్నారు. అదే ఏడాది సోనీ వాళ్ల ‘కాంకర్డ్’ ఆగస్టు 23న వచ్చి సెప్టెంబరు 6న మూతపడింది. మన అనకాపల్లి నూకాలమ్మ జాతర నెల్లాళ్లు జరుగుతుంది. కోట్ల డాలర్ల ఆట అందులో సగం రోజులు కూడా నిలవలేదు. సోనీ కనీసం డబ్బు తిరిగిచ్చింది, ఆ మర్యాద ఒప్పుకోవాలి.

కాలిఫోర్నియా వాళ్లు ఈ వ్యవహారానికి ఒక చట్టం చేశారు, 2025 జనవరి 1 నుంచి అమల్లో ఉంది. డిజిటల్ సరుకుని ‘కొనండి’ అని అమ్మాలంటే, మీకు దక్కేది సొంతం కాదు, వాడుకునే అనుమతి మాత్రమేనని కొనేవాడికి స్పష్టంగా చెప్పాలి. లేకపోతే ఆ మాట వాడకూడదు. చట్టం అమలుకి రాకముందే స్టీమ్ డబ్బు కట్టే చోట ఆ సంగతి రాసి పెట్టింది. మావాడు దాన్ని తాతకి చదివి వినిపించాడు.

"అయితే కౌలుకి తీసుకున్నానని సెప్పవేట్రా!" అన్నాడు తాత.

"కౌలు కాదు తాతా, లైసెన్సు."

"ఎన్నాళ్లకి?"

వాడు కింది దాకా వెతికాడు. గడువు ఎక్కడా రాసి లేదు. మన రాష్ట్రంలో 2019 చట్టం ప్రకారం కౌలు రైతుకి కార్డు ఇస్తే 11 నెలలకి ఇస్తారు. అది తక్కువని రైతులు గోల పెడతారు గానీ, 11 అని ముందే తెలుస్తుంది. గేమ్ కౌలుకి ఆ ముచ్చటా లేదు. రేపూ కావచ్చు, పదేళ్లకీ కావచ్చు, భూస్వామి సర్వర్ కరెంటు బిల్లు కట్టినన్నాళ్లు. శిస్తు మాత్రం పూర్తిగా ముందే కట్టాలి. జమీందారీలు 1948 చట్టంతో పోయాయని మనం చదువుకున్నాం. ఎస్టేటు మకాం మార్చిందంతే.

వెనక్కిచ్చే వీలు లేదా అంటే ఉంది. స్టీమ్‌లో కొన్న 14 రోజుల్లోపు, 2 గంటలకి మించి ఆడకుండా ఉంటే డబ్బు తిరిగి ఇస్తారు. ఈ పద్ధతి 2015 నుంచి ఉంది, మంచిదే. అయితే కొన్ని గేముల్లో కథ మొదలవడానికే 2 గంటలు పడుతుంది. హీరో పుట్టి, పెరిగి, ఊరు తగలబడి, ప్రతీకారం తీర్చుకుంటానని కత్తి తీసే సమయానికి మన గడువు తీరిపోతుంది.

తాత చివరగా అడిగింది వారసత్వం సంగతి. "నీ తదనంతరం నీ పిల్లలకి వస్తాదా?" మావాడికి ఇంకా మీసమే సరిగ్గా రాలేదు, అయినా ప్రశ్న న్యాయమైనదే. స్టీమ్ ఒప్పందంలో జవాబు ఉంది: ఖాతాని అమ్మడానికి లేదు, ఇంకొకరికి బదలాయించడానికి లేదు. వీలునామాలో రాసినా చెల్లదన్నమాట. 300 గేములు కూడబెట్టిన వాడు పోతే ఆ 300 గేములూ వాడితోపాటే పోతాయి. వెనకటి రాజులు గుర్రాన్నీ కత్తినీ సమాధిలో పెట్టించుకునేవాళ్లు, ఇప్పుడు ఆ భోగం గుంటడి పాస్‌వర్డుకి దక్కింది.

ఇదే జిల్లాలో, వరాహ నది ఒడ్డున ఏటికొప్పాకలో అంకుడు కర్రతో లక్కబొమ్మలు చేస్తారు. 2017లో భౌగోళిక గుర్తింపు వచ్చింది, 2025 గణతంత్ర దినోత్సవాన ఢిల్లీలో మన రాష్ట్ర శకటం మీద ఊరేగాయి. అక్కడ ఒక బొంగరం కొన్నవాడు దాన్ని ఇంకొకడికి ఇవ్వొచ్చు, అమ్ముకోవచ్చు, కోపమొస్తే పొయ్యిలో పెట్టొచ్చు. కొన్నవాడికి వస్తువు దక్కనివ్వని గేముల దారిలో ఈ మధ్య నింటెండో ఇంకో అడుగు వేసింది. 2025 జూన్‌లో వచ్చిన దాని ఆటల యంత్రం స్విచ్ 2కి కొన్ని గేముల్ని పెట్టెలో పెట్టి అమ్మే కొత్త పద్ధతి తెచ్చింది. పెట్టె ఉంటుంది, అందులో కార్డు ఉంటుంది, కార్డులో గేమ్ ఉండదు. గేమ్ నెట్‌లోంచి దించుకోవాలి, కార్డు తాళంచెవి మాత్రమే. ఏటికొప్పాక కళాకారులకి ఈ ఉపాయం తట్టలేదు. ఖాళీ పెట్టెలో "బొంగరం కోసం అడవికి వెళ్లి అంకుడు కర్ర తెచ్చుకోండి" అని చీటీ పెట్టి ఉంటే ఈపాటికి కోటీశ్వరులయ్యేవారు.

యూరప్‌లో ఈ అన్యాయం మీద ‘స్టాప్ కిల్లింగ్ గేమ్స్’ అనే ఉద్యమం నడిచింది. కొన్న ఆటని ఆడే స్థితిలో వదలండి మహాప్రభో అని 10 లక్షల మందికి పైగా సంతకాలు పెట్టారు. మన దగ్గర 1915 అనే వినియోగదారుల హెల్ప్‌లైన్ ఉంది, మావాడికి అదే చెప్పాను. తాత ఒప్పుకోలేదు. ఫోన్లో మాట్లాడితే రసీదు రాదు, సోమవారం కలెక్టరేట్లో అర్జీ ఇస్తే నంబరు వస్తుంది అని పట్టుబట్టి, రాసేవాడు దొరికాడు కదా అని నాచేతే రాయించాడు. కలెక్టరు గారికి కాదు, నేరుగా ఆ దుకాణానికే. వచ్చేసారి గేమ్ కొన్నప్పుడు పనికొస్తుందని బీరువాలో దాచిపెట్టాడు.

"ఆన్‌లైన్ గేముల దుకాణం మేనేజరు గారి దివ్య సముఖమునకు, రాంబిల్లి మండల నివాసి వ్రాసుకొన్న విన్నపములు. అయ్యా, నేను తమ వద్ద ఒక గేమును పూర్తి సొమ్ము చెల్లించి కొని యున్నాను. సదరు గేము నా లైబ్రరీలో ఎక్కనందున ఆడుకొనలేక తీవ్ర ఇబ్బంది పడుచున్నాను. కావున తమరు దయతలచి విచారణ జరిపించి, సదరు గేమును నా పేరున ఎక్కించి, నా జీవితకాలము తొలగించకుండా ఉత్తర్వులు ఇప్పించవలసినదిగా ప్రార్థన. జతపరచినవి: సొమ్ము కట్ అయిన మెసేజ్ జిరాక్సు, ఆధార్ జిరాక్సు, తెర ఫొటో కలర్ జిరాక్సు. గేము నకలు జతపరచలేదు. నా దగ్గర అసలు లేదు."